పసుపు కింది బిళ్ళ

పోయిన వారం కథ మా ఎమ్మిగనూరు ఇంటి అరుగు దగ్గర ఆగింది. ఆగడమేమిటి, నేనే ఆపాను. ఆ మాట తర్వాత రాయడానికి చెయ్యి ఆడలేదు. చదవనివాళ్ళ కోసం నాలుగు ముక్కల్లో చెప్తాను, చదివినవాళ్ళు కాస్త ఓర్చుకోండి.

నేను రామసుబ్బయ్యను. బోర్డు స్కూల్లో ముప్పై ఏళ్ళు పాఠాలు చెప్పి రిటైరైన అయివారిని. నందవరం దారిలో కారెదొడ్డి అనే ఊరుంది. ఆ ఊరి చెరువుకట్ట మీద దేవక్క పేరంటాలమ్మ గుడి ఉంది. దుర్ముఖి నామ సంవత్సరం కరువు నాడు చెరువు తెగబోతుంటే మునసబుగారింటి కోడలు దేవక్క తలకు పోసుకుని, పట్టుచీర కట్టుకుని, గండిలో నిలబడి నీళ్ళను ఆపిందట. కట్ట ఆమెను మింగి నిలిచిందట. కొన్నేళ్ళకు మట్టి కొట్టుకుపోయి ఆమె తాళిబొట్టు పసుపుతాడుతో సహా బయటపడిందట. ఆ తాళికే గుడి కట్టారు. ఏటా మాఘమాసంలో దానికి పసుపు మీద పసుపు పూస్తారు. ముత్తైదువలు ఆ పసుపు చిటికెడు తీసి తమ తాళికి అద్దుకుంటారు. ఈ కథ తాలూకా అంతా పిల్లాజెల్లాకు నోటికొచ్చిందంటే దానికి కారణం ఇరవయ్యారేళ్ళ కిందట ఆదోనిలో అచ్చయిన ఒక చిన్న పుస్తకం. అది రాసిన మహానుభావుణ్ణి నేనే.

అరవై ఏళ్ళ చక్రం తిరిగి మళ్ళీ దుర్ముఖి వచ్చింది. ప్లాను పనుల కింద కారెదొడ్డి కట్టను తవ్వి వెడల్పు చేయబోతున్నారు. అందుకని గుడిని కిందికి మారుస్తున్నారు. శుక్రవారం మధ్యాహ్నం తాళిని కొత్త గుడి పునాది రాయి కింద పెట్టి సిమెంటు వేసేస్తారు. ఇక దాన్ని ఎవ్వరూ చూడలేరు. ఆ శుక్రవారం పొద్దున్నే, ఆదోని బస్సు దిగి ఒక ముసలామె నా అరుగు దగ్గరికి వచ్చి, "అయివారా, ఆ గుళ్ళో ఉండేది తాళి గాదు. మాయమ్మ మెళ్ళో బిళ్ళ అది," అంది.

అక్కడ ఆపాను.

ఆమె పేరు సుగుణమ్మ. అరవై ఆరేళ్ళుంటాయి. బోసి మెడ, తెల్లచీర, చేతిలో చిన్న మూట. ఆదోనిలో జిన్నింగ్ మిల్లు వెనకాల గుడిసెలో ఉంటుందట. కొడుకు పౌలు కూడా మిల్లులోనే పనిచేస్తాడట. వాళ్ళు క్రైస్తవులు.

నాకు మొదట వచ్చింది కోపం. దాచడమెందుకు, ఒళ్ళు మండింది. ఇస్త్రీ పంచె కట్టుకుని, గొడుగు పట్టుకుని బయల్దేరబోతున్నాను. మా ఆవిడ సుబ్బలక్ష్మి పసుపు కొట్టడానికని ముందురోజే ఆడవాళ్ళతో బండి కట్టించుకుని కారెదొడ్డి వెళ్ళిపోయింది. కొత్త గుడి పునాది ముందు మైకులో నా పుస్తకం నేనే చదవాలి. శాలువా కప్పుతారని కూడా విన్నాను. దాని మీద నాకు ఆశ లేదంటే అబద్ధమవుతుంది.

"ఎవరు చెప్పారమ్మా నీకీ మాటలు?" అన్నాను గట్టిగా.

"ఎవురూ సెప్పల్యా. నేనే సూసినా."

"అప్పుడు నీకెన్నేళ్ళు?"

"ఆరేండ్లు."

"ఆరేళ్ళ పిల్లకు ఏం గుర్తుంటుంది, నీ మొహం!"

ఆమె కోప్పడలేదు. అరుగు కింద మెట్టు మీద కూర్చుంది. నేను పైకి రమ్మనలేదు, ఆమె రాలేదు. ఆ సంగతి నాకు ఇప్పుడు రాస్తూంటే తోస్తోంది గానీ, అప్పుడు తోచలేదు.

"గంజి నంబరు ఎవురన్నా మర్సిపోతారా అయివారా?" అంది.

"గంజి నంబరేమిటి?"

"కరువు పని పెట్టిరి గదా సర్కారోళ్ళు. సెరువులో మట్టి తవ్వి కట్టకు పొయ్యల్ల. పనికొచ్చినోళ్ళకంతా మెళ్ళో ఏసుకునేకి ఒక ఇత్తడి బిళ్ళ ఇచ్చిరి. దాని మింద నంబరు కొట్టింటాది. మా పిల్లోళ్ళకు గంజి పోసే కొట్టం ఒకటుండె. తల్లి నంబరు సెప్తేనే పోసేది. మాయమ్మ పేరు ఉచ్చీరమ్మ. నంబరు నూటపద్దెనిమిది. నేను యాడ మర్సిపోతానో అని తెల్లారితే పదితూర్లు అనిపించేది. ముంత పట్టుకోని 'నూటపద్దెనిమిదీ' అని అరిస్తే పోస్తావుండిరి."

చేతిలోని గొడుగు గోడకు ఆనించాను. ఎందుకో చెప్తాను, కాస్త ఆగండి. ముందు ఆమె మాట పూర్తి కానివ్వాలి.

"సరే, బిళ్ళే అనుకుందాం. పసుపుతాడుకు ఎందుకుంది మరి?" అన్నాను. ఇది వాదనకు అడిగింది కాదు. ఇరవయ్యారేళ్ళుగా నాకు అంతుబట్టని ముక్క అది.

సుగుణమ్మ నా వైపు చూసింది. ఇంత చదువుకుని ఈ మాత్రం తెలీదా అన్నట్టుంది ఆ చూపు.

"తాళిబొట్లు అప్పటికే పోయినాయి గదప్పా. మాయమ్మదీ, ఆ పనిలో ఉన్న్యోళ్ళందరివీ. అవి ఇచ్చి జొన్నలు తెచ్చుకుండ్రి. మెడ బోసిగా ఉండగూడదని వట్టి దారం మాత్రం ఉంచుకుండ్రి. సర్కారు బిళ్ళ ఇస్తానే దాన్ని తెచ్చి ఆ దారానికే కట్టుకుండ్రి. మాయమ్మ నగినాది గుడా. సర్కారే నా మొగుడంట సూడే అని నగినాది."

చెప్తూ ఆమె కూడా నవ్వబోయింది. నవ్వు సగంలోనే పోయింది.

"కొలత పని అది. ఇంత లోతు తవ్వితేనే కూలి. పైనుంచి తవ్వల్లంటే నేల రాయి మాదిరి, పార దిగదు. ఒంట్లో సత్తువ యాడుండాది? అందుకని కిందికెల్లి తొలుస్తావుండిరి. కింద తొలిస్తే పైమట్టి దానంతట అదే ఇరిగి పడతాది, పని సులువు. ఆ పొద్దు పదకొండు మంది ఆడోళ్ళు కింద ఉన్న్యప్పుడు పడె. నేను గట్టు మింద కూకోని సూస్తాండా. మాయమ్మ యాడుందో కనపడల్యా. దుమ్ము. అంతే."

"తవ్వి తీయలేదా?"

"తీస్తామనిరి. మేస్త్రీ వచ్చి సూసినాడు. ఈ సంగతి పైకి తెలిస్తే పని మూసేస్తారు, పని మూస్తే ఊరంతా సస్తాది, మట్టి పొయ్యండి అన్న్యాడు. కట్ట అడుగునే గదా పడింది, దాని మిందనే కట్ట లేపిరి. పోసింది గుడా మనోళ్ళేనప్పా. మాయమ్మ తోడబుట్టినోడు, మా మామ ఉసేనప్ప, వాడూ ఒక గంప పోసె. ఏడ్సుకుంటా పోసె."

నేను అరుగు మీదే కూలబడ్డాను. ఇస్త్రీ పంచె సంగతి మర్చిపోయాను.

"మర్నాడు ముంత పట్టుకోని పోయినా," అంది సుగుణమ్మ. "నూటపద్దెనిమిదీ అని అరిసినా. వంటాయన గరిటె ఎత్తినోడు ఎత్తినట్లే నిలబడె. ఆ నంబరు కొట్టేసినారు పాపా అన్న్యాడు. నాకు తెలీల్యా. మెల్లిగా అన్న్యానేమో అనుకోని ఇంగా గట్టిగా అరిసినా. మూడు దినాలు అరిసినానయివారా. పక్కన పిల్లోళ్ళు తలా ఇంత పోస్తావుండిరి నా ముంతలోకి. నాలుగో దినం మిషనోళ్ళు బండిలో ఏసుకోని పోయిరి."

ఏడుస్తుందేమో అనుకున్నాను. ఏడవలేదు. నాకే కళ్ళు నిండాయి. సిగ్గుతో నిండాయో, జాలితో నిండాయో అప్పుడు నేను తేల్చుకోలేదు.

ఇప్పుడు నా సంగతి చెప్తాను. చెప్పకపోతే ఈ సీరియల్ రాయడమెందుకు?

కరువంటే వాన లేకపోవడం. దుర్ముఖి కరువులో ఆ ఏడాది చినుకు పడలేదని మా నాయన చెప్పేవాడు. పేరంటాలమ్మ తిరునాళ్ళ మాఘమాసంలో, ఆమె పోయిన తిథి నాడు. చినుకు పడని ఏడు, అందులోనూ మాఘమాసంలో, చెరువు నిండి తెగబోవడమేమిటి? మూడో తరగతి పిల్లవాడు రాసినా నేను ఎర్రసిరాతో కొట్టేసే తప్పు అది. ఆ తప్పును నేను పద్యాలతో సహా అచ్చేయించాను. వరద వర్ణనే నాలుగు పేజీలు వచ్చింది. చాలా బాగుందని అందరూ అన్నారు.

అది కూడా తెలియక చేశాననుకోండి, క్షమించవచ్చు. కానీ పుస్తకం రాసే రోజుల్లో ఒక మధ్యాహ్నం పూజారిని అడిగి ఆ తాళిని చేతిలోకి తీసుకున్నాను. బంగారమా, పంచలోహమా రాద్దామని చెంబునీళ్ళతో కడిగాను. పసుపు పెచ్చులు ఊడాయి. కింద అంకెలు కనబడ్డాయి. సర్కారువాళ్ళు కొట్టిన అంకెలు. కరువు పని బిళ్ళల గురించి మా నాయన నోట విన్నవాణ్ణి, చూడగానే తెలిసిపోయింది. దేవక్క అనే కోడలు ఆ ఏడు కలరాతో ఇంట్లోనే పోయిందని ఆ ఊరి ముసలివాళ్ళిద్దరు అప్పటికే నా చెవిన వేశారు కూడా. నేను రెండోసారి ఆ అంకెలవైపు చూడలేదు. పళ్ళెంలోని పసుపు తీసి నా చేత్తోనే మళ్ళీ మందంగా పూసేశాను.

ఎందుకు చేశానంటే, ఆ ఏడే నాకు టైఫాయిడ్ వచ్చింది. ఇరవైయొక్క రోజులు తెలివి లేదు. సుబ్బలక్ష్మి ఆ గుడి చుట్టూ పొర్లుదండాలు పెట్టింది. నేను లేచి కూర్చున్న రోజు ఆ పసుపు తెచ్చి నా ఎదుటే తాళికి అద్దుకుని, "ఆ తల్లే నిలబెట్టిందండీ" అని భోరుమంది. ఆ మనిషికి ఏమని చెప్పను? ఇది ఒక కారణం. రెండోది, నా పేరు అచ్చులో చూసుకోవాలన్న యావ. ఏది పెద్దదో మీరే నిర్ణయించుకోండి. నేను ఇరవయ్యారేళ్ళుగా మొదటిదే చెప్పుకుంటూ వచ్చాను.

ఇదంతా సుగుణమ్మకు చెప్పాను. జీవితంలో మొదటిసారి ఒకరికి చెప్పాను. శపిస్తుందనుకున్నాను. ఆమె అడిగింది ఒక్కటే.

"నంబరెంత అయివారా?"

"గుర్తులేదమ్మా. నిజంగా గుర్తులేదు. చూడకూడదనే చూపు తిప్పుకున్నాను."

ఆమె చీరకొంగు ముడి విప్పుతూ, మళ్ళీ వేస్తూ కాసేపు కూర్చుంది.

"ఒక్కతూరి దాన్ని నా సేతికియ్యప్పా. కండ్లకద్దుకోని మళ్ళా ఇచ్చేస్తా. సిమెంటు ఏసేలోగా. మిల్లు కాడ మైకులో ఆ అమ్మ పాట ఏస్తే ఇనుకుంటా ఇన్నేండ్లు ఊరకుంటి. గుడికి మమ్మల్ని రానియ్యరు గదా, ఏం పోతాంలే అని. ఇప్పుడు రాయి కింద పెడ్తారంట గదా, ఇంగ లాభం లేదని వచ్చినా. పేరు సెప్పమని అడగను. మీ పుస్తకం మార్చమని అడగను. అరవై ఏండ్లైంది మాయమ్మను ముట్టుకోని."

"పద," అన్నాను.

బస్సులో నా పక్కసీటు ఖాళీగా ఉన్నా ఆమె వెనక కూర్చోబోతుంటే చెయ్యి పట్టుకుని పక్కన కూర్చోబెట్టాను. కండక్టరు వింతగా చూశాడు. దారిలో ఆమె ఒక్క మాట మాత్రం మాట్లాడింది. "సుగుణ అని మిషనోళ్ళు పెట్టినారు. మాయమ్మ నన్ను ఉరుకుందీ అని పిల్సేది. ఆ పేరుతో పిల్సేవాళ్ళు ఇప్పుడు ఎవురూ లేరప్పా." నేను కిటికీ వైపు తిరిగాను. పత్తిచేలు ఏరివేత అయిపోయి బోడిగా ఉన్నాయి.

గుడి దగ్గర పూజారి రంగన్న ఒక్కడే ఉన్నాడు. నన్ను చూడగానే చేతులు జోడించాడు. "లోపలికి పోండి సామీ. పుస్తకం రాసినాయనకు అడ్డమేముంది? నేను ఊర్లోకి పోయి మేళాన్ని పిల్సుకోనొస్తా," అన్నాడు. తర్వాత సుగుణమ్మను చూసి, గుడికి దూరంగా ఉన్న బండను చూపించాడు. "ఆమె ఆ బండ కాడనే ఉండల్ల సామీ."

"నాతో వచ్చింది."

"మీతో వచ్చినా ఆడనే ఉండల్ల," అన్నాడు. కోపంగా అనలేదు పాపం, వాడికి తెలిసిన మర్యాద అంతే. అని వెళ్ళిపోయాడు.

వాడు కట్ట దిగేదాకా ఆగి, "లోపలికి రామ్మా," అన్నాను.

"ఎవురన్నా సూస్తే?"

"చూడనీ."

ఆమె వచ్చింది. గడప మీద కాలు పెట్టకుండా దాటి, చేతులు కట్టుకుని ఒక మూలకు నిలబడింది. నేను పీట మీది పళ్ళెంలోంచి ఆ ముద్దను తీశాను. ఇరవయ్యారేళ్ళ పసుపు. బిళ్ళ ఎక్కడుందో, పసుపు ఎక్కడుందో తెలియకుండా ఉంది. కలశంలోని నీళ్ళు పోసి బొటనవేలితో రుద్దాను. పెచ్చులు పెచ్చులుగా ఊడిపడింది. అంచు కనబడింది, చిల్లు కనబడింది. తర్వాత అంకెలు.

204.

ఇంకోసారి రుద్దాను. తుడిచి, తలుపు వెలుతురులో పట్టుకుని చూశాను. రెండు, సున్న, నాలుగు. ఏ అనుమానమూ లేదు. పదకొండు మందిలో ఇంకెవరిదో ఇది. అందరి తాళ్ళకూ అవే బిళ్ళలని ఆమే చెప్పింది గదా. ఆ మాట విన్నప్పుడే నాకు బుద్ధి ఉండాల్సింది.

"కనపడెనా అయివారా?" అంది సుగుణమ్మ మూలనుంచి. "అదేనా?"

ఆమె ముఖం చూశాను. అరవై ఆరేళ్ళ ముఖం కాదు అది. ముంత పట్టుకుని వరసలో నిలబడ్డ పిల్ల ముఖం. ఆ ముఖం చూసి ఏ రాయి "కాదు" అంటుంది చెప్పండి? అయినా ఏం పోతుంది? మధ్యాహ్నానికి సిమెంటు కిందికి పోయే వస్తువు. ఈ ముసలి ప్రాణం చల్లగా ఇంటికి పోతుంది. ఇన్నేళ్ళు ఊరంతటికీ ఒక అబద్ధం చెప్పినవాణ్ణి, ఈమె ఒక్కదాని కోసం ఇంకొక్కటి చెప్తే పాపమేమిటి?

"అదేనమ్మా," అన్నాను. "నూటపద్దెనిమిది."

ఆమె రెండు చేతులూ చాపింది. నేను బిళ్ళను ఆ చేతుల్లో పెట్టాను. ఆమె దాన్ని చూడలేదు. ముందు కుడికంటికి, తర్వాత ఎడమకంటికి అద్దుకుంది. తర్వాత చెంపకు ఆనించుకుని, "అమా," అంది. "వచ్చినానమా. ఉరుకుందిని వచ్చినా. గంజి పొయ్యల్యామా, నీ నంబరు కొట్టేసినారమా." అప్పటిదాకా ఏడవని మనిషి అప్పుడు ఏడ్చింది. గోడకు జారబడి నేలమీద కూర్చుని, అరవై ఏళ్ళది ఒక్కసారిగా ఏడ్చింది. నేనూ ఏడ్చాను. మంచి పని చేశాననే అనుకున్నాను. ఒట్టు, అలాగే అనుకున్నాను.

ఏడుపు తగ్గాక ఆమె కొంగుతో కళ్ళు తుడుచుకుంది. అదే కొంగుతో బిళ్ళను కూడా తుడిచింది. వాకిటివైపు తిప్పి పట్టుకుని చూసింది. చాలాసేపు చూసింది.

"అయివారా."

"ఏమ్మా?"

"ఇది రెండు. ఇది సున్న. ఇది నాలుగు."

నేను వంగి కిందపడ్డ పసుపు పెచ్చులు ఏరబోయాను.

"నలబై ఏండ్లు మిల్లులో ఉంటినప్పా. పత్తి బేళ్ళ మింద నంబర్లు సదివి గుమస్తాకు సెప్పే పని నాది. మిషన్ బళ్ళో నేర్పిచ్చిరి. నాకు సదువు రాదని ఎవురు సెప్పినారు మీకు?"

ఎవరూ చెప్పలేదు. నేను అడగనే లేదు. ముప్పై ఏళ్ళు పలకల మీద అంకెలు దిద్దించిన అయివారికి, ఎదురుగా ఉన్న మనిషిని "చదువొచ్చా" అని అడగాలని తోచలేదు.

"నీ బాధ చూడలేక చెప్పానమ్మా," అన్నాను.

"ఆ పొద్దు గుడా ఎవురి బాదో సూడలేకనే రాసినావు గదా," అంది. మీరు అన్నది నువ్వు అయింది. తగినదే. "నేను ఏడ్సింది ఎవురి మింద అయివారా? ఎవురి తల్లినో పట్టుకోని మాయమ్మ అని ఏడిపిస్తివే. ఈమెకు గుడా ఒక పిల్ల ఉండింటాది. రెన్నూటనాలుగూ అని అరిసింటాది. నా పక్కనే నిలబడి నా ముంతలోకి పోసిందేమో గుడా."

ఆమె లేచి బిళ్ళను నా అరచేతిలో పెట్టి, నా వేళ్ళు తనే మూసింది. "ఇంగ దీన్ని ఏం సేస్తావో సెయ్యి. మాయమ్మ ఈ పళ్ళెంలో లేదు. మాయమ్మ ఇంగా ఆ మట్టిలోనే ఉండాది. ఇప్పుడు దాన్ని తవ్వి బండ్లకెత్తుతారు. అంతే గదా?"

అంతే. ఆ రోజు మొదట తవ్వేది ఆ భాగమే. నాకు ఆ సంగతి తెలుసు. ప్లాను కాయితం మీద గీత కూడా చూశాను. ఆ మట్టి కింద పదకొండు మంది ఎముకలుంటాయన్న ఆలోచన మాత్రం నా బుర్రకు రాలేదు.

సుగుణమ్మ గుడిలోంచి బయటికి వెళ్ళింది. కట్ట లోపలి వాలు మీద, తవ్వకానికి గుర్తుగా ఎర్రజెండా గుచ్చిన చోటికి నిదానంగా దిగింది. అక్కడ రెండు కాళ్ళూ చాపుకుని కూర్చుంది. మూట ఒళ్ళో పెట్టుకుంది.

"సుగుణమ్మా, లే తల్లీ. వాళ్ళు వస్తున్నారు," అన్నాను వెనకాలే పరిగెత్తి.

"రానీ. ఆ పొద్దు మట్టి పోస్తావుంటే గట్టు మింద కూకోని సూసినా. ఆరేండ్లదాన్ని, ఏం సేస్తా? ఇప్పుడు ఆరేండ్లా నాకు?"

మేళం దగ్గరపడింది. ముందు డప్పులు, వెనక కలశాలతో ఆడవాళ్ళు, వాళ్ళ వెనక పారలు గంపలు పట్టుకున్న కూలీలు. మునసబు ఈరప్ప కొత్త తలపాగాతో అందరికంటే ముందున్నాడు. గండిలో నిలబడింది తమ ఇంటి కోడలు దేవక్కేనని నా చేత రాయించింది వాళ్ళ నాయనే. ఎర్రజెండా దగ్గర ముసలామెను చూసి చెయ్యెత్తాడు. డప్పులు ఆగాయి.

"ఎవురమ్మా నువ్వు? ఆడ ఏంటికి కూకుండావు?"

సుగుణమ్మ తల కూడా తిప్పలేదు. "నన్నడగద్దప్పా. ఆ అయివారిని అడుగు. పుస్తకం రాసినాయన ఆయప్పనే గదా."

అందరూ నావైపు తిరిగారు. నన్ను చూసి నవ్వుతున్నవాళ్ళూ ఉన్నారు, ఇంకా శాలువా కప్పబోతున్నారు గదా నాకు. ఈరప్ప, "ఏమి అయివారా, ఎవురీమె?" అన్నాడు. నేను పిడికిలి ఇంకా గట్టిగా మూశాను. పెదవులు కదిలాయి గానీ మాట రాలేదు. ముప్పై ఏళ్ళు గొంతు చించుకుని పాఠాలు చెప్పినవాణ్ణి.

ఆడవాళ్ళలోంచి సుబ్బలక్ష్మి వచ్చింది. చేతులు మోచేతుల దాకా పసుపు. నాకు మళ్ళీ ఒంట్లో బాగాలేదనుకుందో ఏమో, గబగబా వచ్చి నుదురు మీద చెయ్యి వేసి చూసింది. తర్వాత పిడికిలి చూసింది. రెండు చేతులతో పట్టుకుని ఒక్కొక్క వేలే విప్పింది. నేను ఆపలేదు. ఆపే హక్కు నాకేముంది?

బిళ్ళను చూసింది. తడి ఇత్తడి, చిల్లు, మూడు అంకెలు. ఒకసారి తెరిచి ఉన్న గుడి తలుపు వైపు చూసింది, ఖాళీ పళ్ళెం వైపు చూసింది. కిందపడ్డ పసుపు పెచ్చులు చూసింది. ఒక చెయ్యి దానంతట అదే తన మెడలోని తాళి మీదికి పోయింది. ఆ బిళ్ళ ఏమిటని అడుగుతుందనుకున్నాను. ఆ ముసలామె ఎవరని అడుగుతుందనుకున్నాను. అవేవీ అడగలేదు. నాకు మాత్రమే వినబడేంత మెల్లగా అడిగింది.

"మీకు ముందే తెలుసునా?"

ఇరవయ్యారేళ్ళు నేను భయపడ్డ ప్రశ్న అదొక్కటే. జవాబు చెప్పేలోగానే ఈరప్పకు ఓపిక అయిపోయింది. కూలీలవైపు తిరిగి కేకేశాడు.

"పొద్దెక్కుతాంది. ఆ ముసలామెను రెక్క పట్టి లేపండప్పా. మొదటి పార ఆడనే పడల్ల."